మోచేతి కింద మెత్త

మార్చి 3, సోమవారం

రేపు ఉదయం మొదటి కేసు బావదే. నడుములో జారిన డిస్కు తీసేసి మరలు బిగిస్తారు. నాలుగు గంటలని చెప్పారు. అయిదు పడుతుందని నాకు తెలుసు, అక్కకి చెప్పలేదు.

"బోర్లా పడుకోబెట్టేది నువ్వేగా?" అని అక్క పొద్దుట్నించి అయిదారుసార్లు అడిగింది. నేనే అన్నాను. ఇరవై ఒక్కేళ్లుగా థియేటర్లో నా పని అదే. మత్తు డాక్టరు నిద్రపుచ్చుతాడు, సర్జను కోస్తాడు, ఈ రెంటికీ మధ్య మనిషిని బల్ల మీద సర్దేది నేను. ఏ ఎముక కింద ఏ మెత్త పెట్టాలో, ఏ కీలు ఎంతవరకు వంచవచ్చో నేనే చూసుకుంటాను. అందుకే అందరూ నన్ను దిండ్లాయన అంటారు. ఎగతాళికే అంటారు గాని, నేను సెలవు పెట్టిన రోజు సర్జను చిరాకు పడతాడని విన్నాను. అది తలుచుకుంటే ఇప్పటికీ కడుపు నిండుతుంది.

బావ మాత్రం ఏమీ పట్టనట్టు కూర్చున్నాడు. కాలు లాగేసే నొప్పికి ఆరు నెలలుగా సెలూన్లో స్టూలు మీద కూర్చుని కటింగ్ చేస్తున్నాడు. ముప్ఫై ఏళ్లు నిలబడి పని చేసినవాడికి అది నామోషీగా ఉంది. "ఒరే బామ్మర్దీ, ఇన్నేళ్లూ నా కుర్చీలో నీ తల ఎటు వంచితే అటు వంచావు. రేపు నీ బల్ల మీద నా వంతు. పగ తీర్చుకోకు" అన్నాడు.

"నీ మోచేతులు నేను చూసుకుంటాలే బావా" అన్నాను. మోచేతి లోపలివైపు తోలు కిందే ఒక నరం ఉంటుందని, తలుపుకి తగిలితే జివ్వుమనేది అదేనని, మత్తులో ఉన్నవాడికి ఆ జివ్వుమనడం కూడా తెలియదు కాబట్టి గంటలకొద్దీ గట్టిదాని మీద ఆనితే చచ్చుబడిపోతుందని చెప్పాను. కాస్త గొప్పగానే చెప్పాను.

"ఎముక ఉన్నచోట మెత్తగా ఉండాలని నీకు నేర్పింది నేనేరా" అన్నాడు బావ.

నిజమే. అమ్మా నాన్నా పోయాక నేను వాళ్లింట్లోనే పెరిగాను. బావ ప్రతి కస్టమరు మెడ కిందా తువాలు మడిచిపెట్టి, వేలు దూర్చి చూసుకునేవాడు. ఇప్పటికీ నేను మెత్త పెట్టాక వేలు దూర్చి చూస్తాను.

మార్చి 4, మంగళవారం

అంతా బాగానే జరిగింది. కాలి నొప్పి పోయింది. మెలకువ రాగానే బొటనవేలు ఆడించి చూపించాడు. అక్క ఏడ్చింది, అది సంతోషంలో ఏడుపే.

నా పని గురించి చెప్పుకోవాలి. ఇక్కడ కాకపోతే ఎక్కడ చెప్పుకుంటాను. పొద్దున ఎనిమిదికే మెత్తలన్నీ ఏరి పెట్టుకున్నాను. జెల్ మెత్తలు మంచివి నాలుగే ఉన్నాయి, నాలుగూ బావకే తీసి పక్కన పెట్టాను. షీటు కూడా అప్పుడే నింపేశాను. అరగంటకో గడి ఉంటుంది, తల, కళ్లు, మోచేతులు, మోకాళ్లు చూశామని టిక్కు పెట్టి సంతకం చేయాలి. అందరం పొద్దునే అన్ని గడులకీ పెట్టేస్తాం. గ్లవుజులు వేసుకున్నాక పెన్ను ఎవరు పడతారు.

నిద్రపుచ్చాక నలుగురం కలిసి బోర్లా తిప్పాం. మొహం నురుగు దిండు గుంటలో పెట్టి, కళ్లకి ఏదీ ఆనడం లేదని అద్దం పెట్టి చూశాను. ఛాతీ కింద ఒకటి, తుంటి కింద ఒకటి దిండు, పొట్ట గాలిలో ఉండేట్టు. కాళ్ల కింద దిండు, వేళ్లు బల్లకి తగలకుండా. చేతులు రెండూ తలకి చెరో పక్క పలకల మీద, మోచేతుల కింద జెల్ మెత్త. వేలు దూర్చి చూశాను. మత్తు డాక్టరు వచ్చి, "బావగారనా ఇంత శ్రద్ధ?" అన్నాడు. "అందరికీ ఇంతేనండీ" అన్నాను.

పదకొండున్నరకి ఎక్స్‌రే మిషను లోపలికి తెచ్చారు. అది పట్టడానికి కుడిచేతి పలక కొంచెం ముందుకి తిప్పాను. తర్వాత మళ్లీ సర్దాను. మధ్యలో ఒకసారి బయటికి వెళ్లి అక్కని పలకరించి వచ్చాను. కుడి మోచేతి మీద చిన్న ఎర్రటి గీత ఉంది. మామూలే.

మార్చి 5, బుధవారం

బావ కుడిచేతి చిటికెన వేలు, ఉంగరం వేలు తిమ్మిరిగా ఉన్నాయంటున్నాడు. "పడుకోబెట్టమంటే నువ్వు వేళ్లని కూడా పడుకోబెట్టావురా" అని నవ్వాడు. రెండు రోజుల్లో పోతుందని చెప్పాను. చాలామందికి వస్తుంది, పోతుంది.

మార్చి 6, గురువారం

పోలేదు.

మార్చి 9, ఆదివారం

ఇంటికి తీసుకెళ్లాం. ఆటో దిగి తిన్నగా నడిచాడు, కాలు ఈడ్చకుండా. వీధిలో వాళ్లంతా వచ్చి చూశారు. గ్లాసు అందుకోబోతే చెయ్యి జారి నీళ్లు ఒలికాయి. "కాలికి బాగైతే చేతికి కుళ్లు పుట్టింది" అన్నాడు. అందరూ నవ్వారు, నేనూ నవ్వాను.

మార్చి 15, శనివారం

నరాల డాక్టరుకి చూపించాం. కుడి మోచేతి దగ్గర నరం నలిగిందన్నాడు. బాగా నలిగిందా అని అడిగితే చూద్దాం అన్నాడు. నరం మళ్లీ పెరుగుతుందట, రోజుకి ఒక మిల్లీమీటరు చొప్పున. గట్టిగా చెప్పలేం గాని లెక్క అదట.

రోజుకి ఒక మిల్లీమీటరు. ఇంటికి రాగానే నా చెయ్యి కొలుచుకున్నాను. మోచేతి నుంచి చిటికెన వేలి చివరికి నలభై మూడు సెంటీమీటర్లు. నాలుగు వందల ముప్ఫై రోజులు. బావ చెయ్యి నాకంటే కొంచెం పొట్టి. ఏడాది పైన కొంత అనుకోవచ్చు. ఏడాది ఎంతలోకి గడుస్తుంది. ఈ రోజుకి పదకొండు మిల్లీమీటర్లు అయిపోయినట్టే.

మార్చి 16

12.

మార్చి 17

13. ఎక్స్‌రే మిషను వెళ్లాక పలక మళ్లీ సర్దానని రాశాను. సర్దాను.

మార్చి 22, శనివారం

హాస్పిటల్లో కమిటీ వేశారు. అక్క ఫిర్యాదేమీ చేయలేదు, నరాల డాక్టరు రాసిన చీటీ చూసి వాళ్లే వేశారు. ముగ్గురు కూర్చున్నారు. పెద్ద సర్జను, ఆఫీసాయన, మా హెడ్ నర్సు. నన్ను కుర్చీలో కూర్చోబెట్టి టీ ఇచ్చారు.

ఆఫీసాయన నా షీటు తీసి చూశాడు. "ఇంత నీటుగా నింపినవాళ్లని నేను చూడలేదు. ఒక్క గడి ఖాళీ లేదు" అన్నాడు.

పెద్ద సర్జను, "అరగంటకోసారి మోచేతులు చూశావు కదా?" అని అడిగాడు.

చూశానన్నాను.

"ఇంకేం మరి. కొందరి శరీర తత్వం అంతే. ఎంత జాగ్రత్త పడ్డా నరం నలుగుతుంది" అన్నాడు. హెడ్ నర్సు నా వైపు చూసి తలాడించింది. పొద్దునే షీట్లు నింపడం నేర్పింది ఆవిడే.

టీ చల్లారిపోయింది. తాగకుండా వచ్చేశాను.

ఏప్రిల్ 13, ఆదివారం. 40.

ఈ రోజు సెలూన్ తెరిచాడు. వద్దంటే వినలేదు. కత్తెర ఒక కన్నంలో బొటనవేలు, ఇంకో కన్నంలో ఉంగరం వేలు పెడతారు, చిటికెన వేలు వెనక ఆసరాగా ఆనుతుంది. బావకి పోయినవి సరిగ్గా ఆ రెండు వేళ్లే. ఇన్నేళ్లు ఆ కుర్చీలో కూర్చున్నాను, కత్తెర ఎలా పడతాడో ఎప్పుడూ చూడలేదు.

మొదటి కస్టమరు బావ స్నేహితుడే, రిటైరైన పోస్టుమ్యాన్. రెండు వెంట్రుకలు కత్తిరించాడో లేదో ఉంగరం వేలు కన్నంలోంచి జారిపోయింది. మళ్లీ పెట్టుకున్నాడు. మళ్లీ జారింది. ఎడమచేత్తో ఆ వేలిని కన్నంలో అదిమిపెట్టి కత్తిరించబోయాడు. చెవి పైన తెగింది. పోస్టుమ్యాన్ రుమాలు అడ్డం పెట్టుకుని, "ఆ చెవి ఎలాగూ వినపడదులే, కోసేయ్" అన్నాడు. బావ నవ్వలేదు. దువ్వెనలూ కత్తెరలూ తుడిచి డ్రాయరులో పెట్టి షట్టరు దించేశాడు. సగం కటింగుతో పాపం ఆ పోస్టుమ్యాన్ అలాగే ఇంటికి వెళ్లాడు.

నేను షట్టరు తాళం వేస్తుంటే బావ అన్నాడు. "ఒక మాట చెప్పనా. లోపల నువ్వున్నావు కాబట్టి రెండు వేళ్లతో పోయింది. ఇంకెవరైనా ఉంటే ఏమయ్యేదో."

తాళం రెండుసార్లు వేశాను.

ఏప్రిల్ 14. 41.

సర్దలేదు.

ఏప్రిల్ 15. 42.

నిన్న రాసింది కొట్టేద్దామని పెన్ను తీశాను, కొట్టేయలేకపోయాను. ఇంకెవరూ చదవరు కదా, ఒక్కసారి సరిగ్గా రాస్తాను.

మిషను పట్టడానికి పలక తిప్పినప్పుడు మోచెయ్యి మెత్త మీంచి పక్కకి జరిగింది. మెత్త వెనక ఉండిపోయింది, మోచెయ్యి పలక అంచు మీదకి వచ్చింది. చూశాను. మిషను వెళ్లాక సర్దుదాం అనుకున్నాను. పైన గుడ్డలు కప్పేశారు, కిందనుంచి చెయ్యి పెట్టి సర్దాలి, ఒక నిమిషం పని. మిషను వెళ్లింది. అప్పుడే అక్క ఫోను చేసింది, బయట ఒక్కదాన్నే ఉన్నాను, ఒకసారి రమ్మని. వెళ్లాను. పలకరించి వచ్చానని రాశాను. కాసేపు కూర్చున్నాను.

ఎంతసేపు అన్నది తర్వాత రాస్తాను.

మే 3, శనివారం. 60.

ఫిజియో అమ్మాయి మంచి సంగతి ఒకటి నేర్పింది. కళ్లు మూసుకోమని, దూదితో వేళ్లని తాకి, ఏ వేలో చెప్పమనాలి. పదిసార్లు తాకితే ఎన్ని సరిగ్గా చెప్పాడో రాసుకోవాలి. స్పర్శ ముందు వస్తుందట, బలం తర్వాత. ఆమె వారానికి రెండు రోజులే వస్తుంది. మిగతా రోజులు నేను చేస్తానన్నాను. డ్యూటీ అయ్యాక రోజూ సాయంత్రం వెళ్తాను. ముందు ఒక్కో వేలూ వంచి, చాచి, మళ్లీ వంచి, అలా యాభైసార్లు. తర్వాత దూది.

ఈ రోజు పదికి సున్నా.

మే 4. 61.

సున్నా.

మే 9, శుక్రవారం. 66.

సున్నా. బావ కళ్లు తెరిచి, "తక్కువొచ్చిందా?" అన్నాడు. "మొదట్లో ఇంతే బావా" అన్నాను. "నీ మొహం చూస్తే తెలిసిపోతుందిరా. చిన్నప్పుడు లెక్కల్లో తప్పినప్పుడు ఇలాగే పెట్టేవాడివి."

మే 10. 67.

పదికి రెండు. రెండు! అక్కని వంటింట్లోంచి పిలిచి చెప్పాను. బావ నవ్వుతూ, "మీవాడు పాసయ్యాడు" అన్నాడు.

జూన్ 12, గురువారం. 100.

వంద మిల్లీమీటర్లు. పదికి నాలుగు. నరం ముంజేతి సగానికి దగ్గర పడిందన్నమాట. బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య కండ కొంచెం గుంటపడింది. చెయ్యి వాడకపోతే అంతే, మళ్లీ నిండుతుంది.

సెలూన్ ఇంకొకాయనకి అప్పగించాడు. కుర్చీ, అద్దం, అంతా అలాగే ఉంది, నిలబడేవాడు మారాడు. బావ కస్టమర్ల బెంచీ మీద కూర్చుని పేపరు చదువుతాడు. ఎవరైనా కుర్చీలో కూర్చుంటే లేచి వెళ్లి ఎడమచేత్తో మెడ కింద తువాలు సర్ది, వేలు దూర్చి చూసి, మళ్లీ బెంచీ మీద కూర్చుంటాడు. ఆపరేషన్ పుణ్యమా అని ఎంతసేపైనా నిలబడగలడు. నిలబడి చేయడానికి పని లేదు.

జూలై 21, సోమవారం. 139.

థియేటర్ గోడ మీద కొత్తగా ఒక కాగితం ప్లాస్టిక్ వేయించి అతికించారు. కొత్తగా చేరినవాళ్లు షీటు ఎలా నింపాలో చూసి నేర్చుకోవాలట. పేషెంటు పేరు మీద తెల్ల కాగితం అంటించారు. తేదీ మార్చి నాలుగు. సంతకాలన్నీ నావే.

హెడ్ నర్సుతో అది తీయించమన్నాను. "ఎందుకు? గర్వపడాలి గాని" అంది. చేతులు కడుక్కునే చోట సరిగ్గా కళ్లెదుట ఉంది. రోజుకి ఏడెనిమిదిసార్లు చేతులు కడుగుతాను.

ఆగస్టు 1. 150.

పదికి ఆరు.

ఆగస్టు 8, శుక్రవారం. 157.

ఫిజియో అమ్మాయితో గొడవ పడ్డాను. తను దూదితో తాకితే ఒక్కటి కూడా చెప్పలేకపోతున్నాడట. "మీ దగ్గర ఆరు ఎలా వస్తున్నాయండీ?" అని అడిగింది. నేను సరిగ్గా తాకిస్తాను, మీరు హడావిడిగా చేస్తారు, ఆయనకి మీ ముందు బిడియం అన్నాను. నోటికొచ్చినట్టు మాట్లాడాను. పాపం చిన్నపిల్ల, "కండ కరిగిపోతోందండీ, చూస్తున్నారు కదా" అంది. చూస్తున్నాను. రెండు వేళ్లూ లోపలికి ముడుచుకుంటున్నాయి. చాచి పెడితే చాచినంతసేపే ఉంటాయి. అయినా ఆరు ఆరే.

ఆగస్టు 9.

థియేటర్లో ఈ మధ్య షీటు ముందుగా నింపడం మానేశాను. ప్రతి అరగంటకీ గుడ్డల కింద చెయ్యి పెట్టి, చూసి, గ్లవుజు తీసి టిక్కు పెడుతున్నాను. కేసు మధ్యలో నేను కదిలితే సర్జను విసుక్కుంటున్నాడు. "దిండ్లాయనకి ఏమైంది?" అంటున్నారు. ముందే చేసి ఉంటే బాగుండేది అని ఎవరూ అనరు, ఎవరికీ తెలియదు కాబట్టి.

సెప్టెంబరు 20. 200.

పదికి ఆరు. రెండు వందలు. సగం దారి.

సెప్టెంబరు 28, ఆదివారం

మధ్యాహ్నం అక్క నా గదికి వచ్చింది. తను ఎప్పుడూ రాదు, నేనే వెళ్తాను. చెప్పులు విప్పి, మంచం మీద కూర్చుని, సంచీలోంచి ఒక కవరు తీసింది. ఇంకో డాక్టరుకి చూపిద్దామని హాస్పిటల్లో బావ ఫైలు కాపీ అడిగి తీసుకుందట. నాకు చెప్పలేదు. శ్రమ ఎందుకులే అనుకుందట.

ఒక కాగితం తీసి నా ముందు పెట్టింది. "ఇది నీ సంతకమేగా?"

అవునన్నాను.

వేలు పెట్టి ఒక్కో గడీ చదివింది. "పన్నెండు. పన్నెండున్నర. ఒంటిగంట. ఒంటిగంటన్నర." బడిలో చదివినట్టు మెల్లగా చదివింది.

"ఆ రోజు నువ్వు కూర్చున్న బెంచీ పైన గోడ గడియారం ఉంది. ఆయన ఎప్పుడు బయటికొస్తాడా అని దాన్నే చూస్తూ కూర్చున్నాను. పన్నెండుకి పది నిమిషాలుండగా వచ్చావు. నారింజ ఒలిచి పెట్టావు. నేను తిననంటే ఒక్కో తొనా గింజ తీసి ఇచ్చావు. ఒంటిగంటా ముప్ఫై అయిదుకి లేచావు. మధ్యలో లేవలేదు."

తర్వాత రాస్తానన్నది ఇదే. గంటా నలభై అయిదు నిమిషాలు. కూర్చున్నంతసేపూ మోచెయ్యి గుర్తుంది. గుర్తు లేదని రాసుకుందామని చాలాసార్లు అనుకున్నాను. గుర్తుంది. ఇప్పుడు లేస్తే అక్క భయపడుతుంది, ఇంకో అయిదు నిమిషాలు అనుకున్నాను. అలా అనుకుంటూనే నారింజ ఒలిచాను. అక్క నన్ను చూసి ధైర్యంగా ఉంది. నా వల్ల ఒకరికి ధైర్యం రావడం నాకు బాగుంది. లోపలికి వెళ్లేసరికి కుట్లు వేస్తున్నారు. గుడ్డ ఎత్తితే మోచెయ్యి పలక అంచు మీదే ఉంది, వేలు వెడల్పున గుంటపడి. చేత్తో రుద్దాను, ఎవరూ చూడకుండా.

ఇదంతా అక్కకి చెప్పాను. రేపే వెళ్లి కమిటీకి చెప్పేస్తాను, తర్వాత బావ కాళ్ల మీద పడతాను అన్నాను.

"చెప్తే వేళ్లు వస్తాయా?" అంది.

నేను కాగితం మీద నా సంతకాలే చూస్తున్నాను.

"పిలిచింది నేను. ఒక్కదాన్నే ఉన్నాను రమ్మని ఫోను చేసింది నేను. అది ఎవరికి చెప్పుకోను?" అక్క ఏడవలేదు. మార్చిలో ఏడ్చింది గాని, ఇప్పుడు ఏడవలేదు. కాగితం నాలుగు మడతలు పెట్టి సంచీలో వేసుకుంది. "ఆయనకి చెప్పకు. సాయంత్రం నాలుగైతే చాలు, నువ్వొస్తావని అరుగు మీద కూర్చుంటాడు. నీ చేతిలో చెయ్యి పెట్టి కూర్చునే ఆ గంటే ఆయనకి రోజు. అది కూడా తీసేస్తావా?"

లేచి చెప్పులు వేసుకుంది. గుమ్మం దగ్గర ఆగి, "కొడదామనే వచ్చాను. చెయ్యి రాలేదు" అంది.

కొట్టి ఉంటే బాగుండేది.

సెప్టెంబరు 29. 209.

వెళ్లాను. వేళ్లు వంచాను. పదికి ఆరు. అక్క టీ ఇచ్చింది. ఎప్పటిలాగే ఇచ్చింది, చక్కెర ఎక్కువేసి.

అక్టోబరు 17, శుక్రవారం. 227.

ఆఫీసాయన గది దాకా వెళ్లాను. లోపల ఎవరో ఉన్నారు. బయట బెంచీ మీద ఇరవై నిమిషాలు కూర్చుని వచ్చేశాను. అక్క వద్దంది కాబట్టే చెప్పడం లేదని నాకు నేను చెప్పుకుంటున్నాను. అక్క వద్దనకముందు ఆరు నెలలున్నాయి కదా.

నవంబరు 10, సోమవారం. 251.

నరాల పరీక్ష మళ్లీ చేశారు. మోచేతి దగ్గర కరెంటు ఇచ్చి చేతిలో అందుతుందో లేదో చూస్తారు. తెర మీద గీత ఎక్కడా లేవకుండా తిన్నగా పోయింది. డాక్టరు సూది జరిపి ఇంకోచోట పెట్టాడు. తిన్నగానే పోయింది.

బావని బయట కూర్చోబెట్టి నాతో మాట్లాడాడు. "పెరగలేదు. ఇక పెరిగినా అందుకోవడానికి అక్కడ కండ మిగల్లేదు" అన్నాడు.

"స్పర్శ వస్తోందండీ. పదికి ఆరు చెప్తున్నాడు, రోజూ రాసుకుంటున్నాను" అన్నాను.

ఆయన నన్ను కాసేపు చూశాడు. "కళ్లు మూసుకునే చెప్తున్నాడా?" అని అడిగాడు. అవునన్నాను. కాగితం మీద ఏదో రాసుకున్నాడు.

ఆటోలో బావ ఏమన్నాడని అడిగాడు. ఇంకొంచెం టైము పడుతుందన్నాడని చెప్పాను. "పట్టనీ. మనకేం తొందర" అన్నాడు.

రెండు వందల యాభై ఒక్క మిల్లీమీటర్లు ఎక్కడికి పోయాయి. ఒక్క మిల్లీమీటరు కూడా కదల్లేదు. టేపు పెట్టి నేను కొలిచింది నా చెయ్యి.

నవంబరు 11

నెంబరు వేయలేదు. ఇక వేయను.

నవంబరు 15, శనివారం

మానేద్దాం అనుకుని నాలుగు రోజులు వెళ్లలేదు. సాయంత్రం అక్క ఫోను చేసింది. "అరుగు మీద కూర్చున్నాడు" అంది, అంతే.

నవంబరు 16, ఆదివారం

వెళ్లాను. "ఏరా, అలిగావా?" అన్నాడు బావ. డ్యూటీలు ఎక్కువయ్యాయని చెప్పాను. చెయ్యి నా ఒళ్లో పెట్టాడు. గోళ్లు అక్క కత్తిరించినట్టుంది, పొట్టిగా ఉన్నాయి. యాభైసార్లు వంచాను. వేళ్లు చల్లగా ఉన్నాయి.

తర్వాత కళ్లు మూసుకోమన్నాను. దూది తీశాను.

డాక్టరు అడిగిన మాట ఆరు రోజులుగా చెవిలోనే ఉంది. ఫిజియో అమ్మాయి అడిగింది కూడా. దూది చేతిలోనే పట్టుకుని, బావ వేళ్లకి తాకించకుండా కూర్చున్నాను. "తగిలిందా?" అన్నాను.

బావ కనుబొమ్మలు ముడిచి, లోపల ఎక్కడో వెతుక్కుంటున్నవాడిలా కాసేపు ఆగాడు. "చిటికెన వేలు" అన్నాడు.

దూది నా చేతిలోనే ఉంది. మళ్లీ అడిగాను.

"ఉంగరం వేలు. పక్కగా."

మళ్లీ.

"చిటికెన వేలే. చివర."

మళ్లీ. "ఇదేదో తగల్లేదురా." ఆ తర్వాత, "ఆ, ఇది తగిలింది, ఉంగరం వేలు." పదిసార్లూ అడిగాను. పదిసార్లూ కళ్లు గట్టిగా మూసుకుని, ప్రతిదానికీ కాస్త ఆలోచించి, రెండు తగల్లేదని, ఎనిమిది తగిలాయని చెప్పాడు. నమ్మేట్టు చెప్పాలి కదా మరి, అన్నీ తగిలాయంటే ఎవరు నమ్ముతారు. గుమ్మంలో అక్క నిలబడి ఉంది. నా చేతిలో దూది చూసింది, బావ మొహం చూసింది, లోపలికి వెళ్లిపోయింది.

మే నెల తొమ్మిదో తారీకున నా మొహం చూసి, పదో తారీకు నుంచి మొదలుపెట్టాడు. ఆరు నెలలు. ఎంత చూసుకున్నాడు నన్ను.

"కళ్లు తెరవనా?" అన్నాడు.

మొహం తుడుచుకుని, తెరవమన్నాను.

"ఎన్నిరా?"

"ఎనిమిది బావా."

"చూశావా. రోజూ ఇలా నువ్వు పట్టుకు కూర్చుంటే రాక ఎక్కడికి పోతుంది" అన్నాడు. ఎడమచేత్తో నా మెడ వెనక తట్టాడు. "రేపు కూడా రా."

వస్తానన్నాను. నోట్‌బుక్కు తెరిచి, తేదీ వేసి, బావ చూస్తుండగానే రాశాను. పదికి ఎనిమిది. పక్కన టిక్కు పెట్టి సంతకం చేశాను.